దయచేసి వేచి ఉండండి

ఆఫీసులో ఆమెను అందరూ అతుకులమ్మ అనేవారు. వెక్కిరింతగా మొదలైన పేరే, కానీ వాడగా వాడగా పదును పోయి ముద్దుపేరయి కూర్చుంది. ఆమె పని అలాంటిది. జనం ఇంటర్నెట్‌లో ఊరికే చదువుకునే ఒక పెద్ద విజ్ఞాన సర్వస్వాన్ని ఆ ఆఫీసు నడుపుతుంది. అందులో ప్రతి వాక్యం చివరా ఒక చిన్న అంకె ఉంటుంది. దాన్ని నొక్కితే ఆ సంగతి ఎక్కడి నుంచి తెచ్చారో ఆ పేజీ తెరుచుకోవాలి. చాలాసార్లు తెరుచుకోదు. పత్రిక మూతపడుతుంది, కంపెనీ చేతులు మారుతుంది, లేదా ఎవరో కొత్తగా ఉద్యోగంలో చేరి, సైటు శుభ్రం చేస్తున్నానంటూ పాత పేజీలన్నీ ఊడ్చి పారేస్తాడు. ఇలా చచ్చిపోయిన లింకుల్ని పట్టుకోవడం, ఆ పేజీ బతికుండగా ఎవరైనా, పాత పేజీల నకళ్లు దాచిపెట్టే ఆర్కైవులో నకలు తీసి పెట్టారేమో వెతకడం, దొరికితే అతికించడం, దొరక్కపోతే వాక్యాన్నే కొట్టెయ్యడం ఆమె ఉద్యోగం.

కొట్టెయ్యడంలో ఆమెకు దయాదాక్షిణ్యాలు లేవు. ఫలానా వంతెన కూలినప్పుడు నేను అక్కడే ఉన్నాను, కళ్లారా చూశాను, ఆ వాక్యం ఎందుకు తీసేశారు అని ఎవరెవరో ఉత్తరాలు రాసేవారు. మీరు చూడటం ఆధారం కాదండి, పేజీ ఉంటే పంపండి అని ఆమె మర్యాదగా జవాబు రాసేది. ఫొటో పంపుతామంటే అదీ వద్దనేది. ఫొటోను ఎవరైనా మార్చవచ్చు. ఆర్కైవులో ఉన్న నకలును మార్చడం ఎవరి తరమూ కాదు. ఈ ముక్క ఆమె ఆఫీసులోనే కాదు, అన్నం తింటున్నప్పుడు కూడా చెప్పేది.

ఆ మాట ఎక్కువగా విన్నది ఆమె బావ. అతుకులమ్మ ఉండేది అక్క ఇంట్లోనే, మేడ మీది గదిలో. బావ లిఫ్టు మెకానిక్. ఊరికే ఉండే మనిషి కాదు. "మా మరదలు చచ్చినవాటిని బతికిస్తుంది, నేను బతికున్నవాళ్లను పైకి పంపిస్తాను" అని వచ్చినవాళ్లందరికీ చెప్పి తానే ముందు నవ్వేవాడు. అక్క చిరాకు పడేది. అతుకులమ్మకు మాత్రం ఆ జోకు ఎన్నిసార్లు విన్నా నవ్వు వచ్చేది.

ప్రమాదం తర్వాత ఆ జోకు ఇక ఎవరూ అనలేదు.

లిఫ్టు పని ఇద్దరు చేస్తారు. ఒకరు పైన మోటారు గదిలో, ఒకరు లిఫ్టు పెట్టె నెత్తిన నిలబడి. బావతో ఏళ్ల తరబడి పని చేసినవాడు ఒకడున్నాడు, అందరూ జోడీ అనేవారు. ఆ రోజు ఒక ఆసుపత్రి లిఫ్టుకు బ్రేకు సర్దుతున్నారు. బావ మోటారు గదిలో ఉన్నాడు, జోడీ పెట్టె మీద ఉన్నాడు. బావ బ్రేకు వదులు చేయగానే, కరెంటు ఉన్న మోటారు తిరిగి, పెట్టె ఆగకుండా పైకి లేచింది. పైకప్పుకూ పెట్టెకూ మధ్య జోడీ నలిగిపోయాడు. మెయిన్ స్విచ్ ఆపకుండా బ్రేకు ముట్టుకున్నాడు కాబట్టి తప్పు బావదేనని కంపెనీ ఆ సాయంత్రమే చెప్పేసింది.

బావ ఒక్కటే మాట అన్నాడు. ఈ మోడల్‌కు మెయిన్ ఆపనక్కర్లేదని, కరెంటు ఉండగానే బ్రేకు సర్దాలని కంపెనీ సైటులోనే రాసి ఉంది, అది చదివే చేశాను అన్నాడు. అన్న తర్వాత మళ్లీ నోరు విప్పలేదు.

మర్నాడు పొద్దున అతుకులమ్మ వంటింటి బల్ల మీద లాప్‌టాప్ పెట్టుకుని కంపెనీ సైటు తెరిచింది. పక్కన బావతో పని చేసే ఇంకో మెకానిక్ ఉన్నాడు, పొడుగాయన అంటారు, గుమ్మంలో తల వంచి రావాల్సిన మనిషి. ఏ పేజీయో ఆయనే చూపించాడు. నీలం పట్టీ, పక్కన బ్రేకు బొమ్మ, కింద రెండో వరుసలో ఆ వాక్యం. బావ చెప్పింది చెప్పినట్టే ఉంది. ఆమెకు పోయిన ప్రాణం లేచి వచ్చింది. పొడుగాయన వెంటనే జేబులోంచి ఫోను తీశాడు.

"ఫొటో వద్దండి," అంది ఆమె. "ఫొటోలు నిలబడవు. రేపు వాళ్లే, మార్చి తెచ్చారంటారు. నేను ఆర్కైవులో పెడతాను, దాన్ని వాళ్ల తాతలు దిగొచ్చినా మార్చలేరు."

పొడుగాయన ఫోను జేబులో పెట్టుకున్నాడు. చదువుకున్న పిల్ల, ఈ పనే చేసే పిల్ల, ఆమె కంటే తనకెక్కువ తెలుసా? చదువు సంధ్యలు లేనివాడెవడైనా ఆ బల్ల దగ్గర కూర్చుని ఉంటే టకామని నాలుగు ఫొటోలు తీసి నలుగురికి పంపి ఉండేవాడు. ఆమె మాత్రం పేజీ చిరునామాను ఆర్కైవుకు ఇచ్చి, భద్రపరచు అన్న మీట నొక్కింది. కాసేపటికి పచ్చటి టిక్కు వచ్చింది. టిక్కు వస్తే సరిపోదు, నకలు తెరిచి కళ్లతో చూసుకోవాలని కొత్తగా చేరినవాళ్లకు పాఠం చెప్పేది ఆమే. తెరవబోతూ ఉంటే జోడీ శవాన్ని ఆసుపత్రి నుంచి ఇంటికి తెస్తున్నారని కబురొచ్చింది. అక్క చెప్పులు కూడా వేసుకోకుండా పరిగెత్తింది. అతుకులమ్మ లాప్‌టాప్ మూసి అక్క వెనకే వెళ్లింది.

ఆ సాయంత్రం బావ పక్కన కూర్చుని, పేజీని భద్రంగా దాచాను, నీకేం భయం లేదు అని చెప్పింది. బావ తల ఊపాడు. కొన్నాళ్లకు కంపెనీ సైటులో పేజీ మారింది. అదే నీలం పట్టీ, అదే బొమ్మ, రెండో వరుసలో మాత్రం కొత్త వాక్యం: మెయిన్ స్విచ్ ఆపిన తర్వాతే బ్రేకును ముట్టుకోవలెను. అది చూసి అతుకులమ్మ బాధపడలేదు సరికదా, లోపల్లోపల సంతోషించింది. గుమ్మడికాయల దొంగ భుజాలు తడుముకున్నాడు అని అక్కతో అంది. జోడీ భార్య అప్పటికే వీళ్లతో మాటలు మానేసింది. అక్కను వదినా అని, బావను అన్నయ్యా అని నోరారా పిలిచిన మనిషి, సందులో ఎదురుపడితే గోడవైపు తిరిగి నిలబడేది. ప్రమాదం మీద విచారణ జరగనీ, నిజం ఆవిడకూ తెలుస్తుంది అనేది అక్క. ఆ ఇంట్లో ముగ్గురూ ఆ మాట మీదే బతికారు.

విచారణ తేదీ వచ్చింది. ముద్రించి పట్టుకెళ్దామని అతుకులమ్మ ఆర్కైవు తెరిచి తాను దాచిన నకలు నొక్కింది. నీలం పట్టీ వచ్చింది. దాని కింద తెల్లటి ఖాళీ. ఖాళీ మధ్యలో చిన్న చక్రం ఒకటి తిరుగుతోంది. దాని కింద, దయచేసి వేచి ఉండండి అని ఉంది.

ఆమె వేచి ఉంది. ఎందుకు వేచి ఉందో ఆమెకే తెలియదు. చక్రం తిరుగుతూనే ఉంటుందని ఆమెకు తెలుసు. కొన్ని సైట్లు అంతే, ముందు చట్రం పంపి, అక్షరాలను ఆ వెనక నింపుతాయి. ఆర్కైవు తొందరపడి చట్రాన్ని మాత్రం పట్టుకుపోతుంది. ఇలాంటి నకళ్లను ఆఫీసులో ఖాళీ కుండలనేవారు. వాటి మీద జోకులు వేసుకునేవారు, అందరి కంటే ఎక్కువ వేసింది ఆమే. ఊరందరికీ శకునం చెప్పే బల్లి తాను పోయి కుడితిలో పడ్డట్టయింది ఆమె పని. అక్క టీ తెచ్చి పక్కన పెట్టి, దొరికిందా అని అడిగింది. ఆమె చక్రం వైపు చూస్తూ, వస్తోంది అంది. అక్కతో ఆమె ఆడిన మొదటి అబద్ధం అదే కాకపోవచ్చు గాని, అంత హీనంగా ఎప్పుడూ ఆడలేదు.

అప్పుడు మొదలైంది వెతుకులాట. ఉన్న ఆర్కైవులన్నీ గాలించింది. ఒకచోట ఆ పేజీ చిరునామానే లేదు. ఇంకోచోట ఉంది, నిండుగా ఉంది, అక్షరం అక్షరం కనిపిస్తోంది. కానీ అది ప్రమాదం తర్వాత తీసిన నకలు, అందులో ఉన్నది కొత్త వాక్యం. దాని అడుగున చివరిసారి సవరించిన తేదీ అని ఒకటుంది. అది మాత్రం ప్రమాదానికి ఎంతో ముందుది. వాక్యం మార్చినవాళ్లు తేదీ మార్చలేదు. మరిచిపోయారో, కావాలనే వదిలేశారో దేవుడికి తెలియాలి. ఎవరైనా చదివితే కొత్త వాక్యం ముందు నుంచీ అక్కడే ఉన్నట్టు లెక్క.

పొడుగాయన ఇంటికి వెళ్లింది. మీరూ చూశారు కదా, వచ్చి ఆ ఒక్క మాట చెప్పండి అని బతిమాలింది. ఆయన తనకు ఇద్దరు ఆడపిల్లలున్నారన్నాడు. కంపెనీ ఇచ్చిన బూట్లు విప్పి గుమ్మం పక్కన పెట్టి ఉన్నాయి, వాటినే చూస్తూ అన్నాడు. కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుందమ్మా, నన్ను అడగొద్దు అన్నాడు. ఆమె లేచి వస్తుంటే మాత్రం వెనక నుంచి ఒక్క మాట వినిపించింది.

"ఆ రోజు ఫొటో తీయనిస్తే బాగుండేదమ్మా."

ఆమె తిరిగి చూడలేదు. ఆయన మీద కోపం తెచ్చుకుందామని దారంతా ప్రయత్నించింది, రాలేదు.

అక్కకు, బావకు చెప్పక తప్పలేదు. అక్క నెత్తి కొట్టుకోలేదు, తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది. బావ మాత్రం, "నువ్వు చూశావుగా, చాల్లే" అన్నాడు. అతనికి నిజంగానే అది చాలనిపించింది. జనం మొహాన ఉమ్మేస్తున్నా, పని పోయినా, తాను చదివిందే చేశానని తెలిసిన ఇంకో మనిషి ఇంట్లో ఉంది. ఆ ఆధారంతోనే అతను పొద్దున్నే లేస్తున్నాడు, గడ్డం గీసుకుంటున్నాడు, ఇంత తింటున్నాడు.

విచారణ ఒక ప్రభుత్వ కార్యాలయం మూడో అంతస్తులో జరిగింది. బావ లిఫ్టు ఎక్కనన్నాడు, అందరూ మెట్లెక్కారు. గదిలో పొడవాటి బల్ల, దాని మీద అద్దం, అద్దం కింద ఎవరివో పాత విజిటింగు కార్డులు. విచారణాధికారి నిద్ర చాలని మనిషిలా ఉన్నా శ్రద్ధగానే విన్నాడు. జోడీ భార్య కిటికీ పక్కన కూర్చుంది. ఆమె చూపు బావ మీద లేదు, కంపెనీ వకీలు చేతిలోని కాగితాల మీద ఉంది.

అతుకులమ్మ తాను చూసింది చెప్పింది, ఖాళీ నకలు చూపించింది, ఇలాంటివి ఎందుకు ఖాళీగా వస్తాయో విడమరిచి చెప్పింది. ఆ రోజు ఆ చిరునామాలో పేజీ ఉందని ఇది రుజువు చేస్తుంది అంది. కంపెనీ వకీలు చాలా మర్యాదస్తుడు. పేజీ ఉందని మేమెప్పుడూ కాదనలేదండి, అందులో ఏముందన్నదే ప్రశ్న అన్నాడు. తర్వాత నిండు నకలు తీసి, రెండో వరుస చదివాడు. అడుగునున్న తేదీ చదివాడు. ఆ తేదీని నమ్మలేం, దాన్ని ఎవరైనా చేత్తో వేయవచ్చు అని ఆమె అంది.

"అంటే పేజీలో కనిపించేది నమ్మకూడదు, కనిపించనిది నమ్మాలి. అంతేనా అమ్మా?"

మీ ఆఫీసులో లింకు చచ్చిపోతే దేన్ని ఆధారంగా తీసుకుంటారని వకీలు అడిగాడు. ఆర్కైవు నకలును అంది. రెండు నకళ్లుండి ఒకటి ఖాళీది అయితే? నిండుగా ఉన్నదాన్ని తీసుకుంటాం అంది. నేను కళ్లారా చూశానని ఎవరైనా ఉత్తరం రాస్తే? విచారణాధికారి జవాబు చెప్పమన్నట్టు తలెత్తాడు. అది ఆధారం కాదని రాస్తాం అంది. ఫొటో ఎందుకు తీయలేదని అడిగినప్పుడు ఆమె ఏం చెప్పిందో పక్కన కూర్చున్న అక్కకే వినిపించలేదు.

వకీలు ముగించే ముందు ఆ వాక్యాన్ని ఇంకోసారి చదివాడు. అధికారి రాసుకుంటానంటే మళ్లీ చదివాడు, మెల్లగా, పదం పదం విడగొట్టి. మెయిన్ స్విచ్ ఆపిన తర్వాతే బ్రేకును ముట్టుకోవలెను. జోడీ భార్య అప్పుడు బావ వైపు చూసింది. ఇన్నాళ్లకు చూసిన ఆ చూపులో కోపం లేదు. ఎందుకు ఆపలేదన్నయ్యా అని అడుగుతున్నట్టుంది. బావ తల దించుకున్నాడు. మెకానిక్ నిర్లక్ష్యం అని రాసి, విచారణ ముగించారు.

ఆ తర్వాత రోజులు బరువుగా నడిచాయి. అతుకులమ్మ ఆఫీసుకు వెళ్లి లింకులు అతికిస్తోంది, వాక్యాలు కొట్టేస్తోంది. ఇదివరకు ఒక్క వేటుకు కొట్టేసేది, ఇప్పుడు చెయ్యి ఆగుతోంది. ఆగినా చివరికి కొట్టేస్తోంది. నియమం నియమమే. ఇంటికి వచ్చాక ఎవరికీ చెప్పకుండా ఖాళీ నకలునూ, నిండు నకలునూ పక్కపక్కన తెరిచి చూస్తూ కూర్చునేది. ఖాళీ దాంట్లో ఏమైనా కనిపిస్తుందేమోనని ఆశ. నిండు దాన్ని ఎన్నిసార్లు చదివిందో లెక్కలేదు.

ఒక ఆదివారం సాయంత్రం బావ గుమ్మం మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. అక్క లోపల కూరగాయలు తరుగుతోంది. పనిముట్టు పట్టని చేతులను ఏం చేసుకోవాలో తెలియక బావ ఒక పుల్లను ముక్కలు ముక్కలుగా విరుస్తున్నాడు. మరదలిని పిలిచి పక్కన కూర్చోమన్నాడు. చాలా రోజులకు తానుగా మాట్లాడబోతున్నాడని ఆమె సంబరపడి కూర్చుంది.

"ఆ వకీలు చదివిందే నా చెవుల్లో తిరుగుతోందమ్మా," అన్నాడు. "నేను చదివింది అది కాదని తెలుసు. కానీ ఏం చదివానో మాత్రం గుర్తుకు రావడం లేదు. ఎంత తలబద్దలు కొట్టుకున్నా ఆ మాట రావడం లేదు. నువ్వు చూశావుగా. అందులో ఎలా ఉందో అలాగే ఒక్కసారి చెప్పు. ఎవరి కోసమూ కాదు, నాకు చెప్పు."

ఎంత చిన్న కోరిక. ఆమె నోరు తెరిచింది. నీలం పట్టీ గుర్తుంది, బొమ్మ గుర్తుంది. వాక్యం రెండో వరుసలో ఎక్కడ మొదలైందో, ఎక్కడ ముగిసిందో కూడా గుర్తుంది.

"మెయిన్ స్విచ్..." అంది. "మెయిన్ స్విచ్ ఆపిన తర్వాతే..."

అక్కడ ఆగింది. లోపల కత్తిపీట చప్పుడు కూడా ఆగింది. మళ్లీ మొదలుపెట్టింది. కరెంటు ఉండగానే అన్న మాట ఉంది, అది నిజం, కానీ ఆ మాట ముందు ఏముంది, వెనక ఏముంది? సర్దవచ్చు అని ఉందా, సర్దవలెను అని ఉందా? ఎక్కడ తడిమినా కొత్త వాక్యమే చేతికి తగులుతోంది. అది పోయి సరిగ్గా పాతదాని చోటులోనే కూర్చుంది. ఇంకెవరైనా అయితే నోటికొచ్చిన వాక్యం ఒకటి అల్లి చెప్పి ఆ మనిషిని ఊరడించేవారు. బతుకంతా అబద్ధం ఏరిపారేసిన మనిషికి, అవసరమైన రోజున ఒక్క అబద్ధం అల్లడం చేతకాలేదు. ఏడుపొచ్చింది. ఏడిస్తే అతనికి ఇంకా అనుమానం వస్తుందని దాన్నీ మింగింది.

బావ ఆమెనే చూస్తున్నాడు. ఓపిగ్గా చూశాడు. చివరికి, "అదే రాసి ఉండుంటుందిలే" అన్నాడు.

"కాదు బావా. అది కాదు."

"కాదంటున్నావు. మరి ఏముందో చెప్పలేకపోతున్నావు." కోపంతో అనలేదు. లెక్క చూసుకుంటున్నవాడిలా అన్నాడు. "నేనూ అంతే కదా. ఏమో, తొందరలో ఇంకేదో మోడల్‌ది చదివానేమో. నువ్వు నా మీద ప్రేమ కొద్దీ చూశాననుకున్నావేమో. ఆపాల్సింది, ఆపలేదు. వాడు పోయాడు."

పుల్ల ముక్కలు పక్కన పడేసి లేచాడు. గోడ పట్టుకుని చెప్పులు తొడుక్కున్నాడు. ఎక్కడికని అక్క లోపల్నుంచి అడిగింది. జోడీ ఇంటికి, చెల్లెమ్మ దగ్గరికి అన్నాడు. ఇప్పుడు అక్కడికి దేనికని అక్క గుమ్మంలోకి వచ్చింది.

"తప్పు నాదేనని చెప్పి వస్తాను," అన్నాడు. "ఆవిడ ఈ మాట కోసం ఎన్నాళ్లు ఎదురుచూస్తుంది?"

మెట్లు దిగి సందులో నడుస్తున్నాడు. ఇన్నాళ్లూ వంగి నడిచిన మనిషి తిన్నగా నడుస్తున్నాడు, అది చూడటం ఇంకా కష్టంగా ఉంది. అక్క చెల్లెలి భుజం పట్టి కుదిపింది. ఆపవే, నీ మాట వింటాడు, వెళ్లి ఆపు అంది. అతుకులమ్మ లేచి గబగబా గేటు దాకా వెళ్లింది. ఏ మాట చెప్పి ఆపాలో తెలియలేదు. గేటు పట్టుకుని అక్కడే నిలబడింది.